ఓక్-జు హాల్వర్సన్

కిర్‌స్టెన్ హాల్వర్సన్ ఐదు నెలల పసికందుగా కొరియా నుంచి మిన్నెసోటాకు వచ్చింది. ఫెర్గస్ ఫాల్స్ దగ్గర పాడిపశువులు పెంచే ఆర్డిస్ ఆమెను దత్తత తీసుకుంది. ఇప్పుడు కిర్‌స్టెన్‌కు నలభై రెండేళ్లు. సెయింట్ పాల్‌లో గోడలకు బొమ్మలు వేస్తుంది. ఆసియావాళ్ల మీద ఎక్కడ దాడి జరిగినా మైకు పట్టుకుని ముందు నిలబడేది ఆమే.

ఆ వేసవిలో ఒక కిరాణా కొట్టు గోడ మీద కొరియా నుంచి దత్తతకు వచ్చిన పన్నెండుమంది ఆడవాళ్ల ముఖాలు వేస్తోంది. అందులో తనదీ, నాదీ ఉన్నాయి. నేను కింద రంగులు కలుపుతుంటే ఎవడో కారు ఆపి అరిచాడు.

"ఏయ్! మీ ఊరికి పో!"

కిర్‌స్టెన్ నిచ్చెన మీద నుంచే అంది. "శుక్రవారం పోతున్నాగా, ఫెర్గస్ ఫాల్స్. మా అమ్మ పెరట్లో గడ్డి కోయాలి. నువ్వూ రారాదూ, చేతిసాయంగా ఉంటావు!"

వాడు అద్దం పైకెత్తుకుని వెళ్లిపోయాడు. నేను పొట్ట పట్టుకుని నవ్వాను.

మర్నాడు పొద్దున వచ్చి చూస్తే నవ్వు రాలేదు. ముఖాల మీద అడ్డంగా నల్లరంగుతో ఒక బూతు మాట. చిన్నప్పటి నుంచీ మేమంతా విన్న మాటే.

సరిగ్గా అప్పుడే, కూతురు వేస్తున్న బొమ్మ చూద్దామని వచ్చిన ఆర్డిస్ ట్రక్కు దిగింది, చేతిలో బంగాళాదుంపలు పేర్చి ఓవెన్‌లో వండిన హాట్‌డిష్ గిన్నెతో. గోడ మీది మాట చదివింది.

"నిన్ను ఈ మాట ముందెప్పుడైనా అన్నారటే?"

"రెండో తరగతి నుంచీ."

"మరి నాకెందుకు చెప్పలేదు?"

"చెప్పానమ్మా. 'నువ్వూ అచ్చం మాలాంటిదానివే, పట్టించుకోకు' అన్నావు. ఇక చెప్పడం మానేశాను."

అది ప్రేమతో అన్న మాటే. ఆ సంగతి కిర్‌స్టెన్‌కూ తెలుసు. ఆర్డిస్ కళ్లజోడు తీసి తుడుచుకుంది.

"తప్పు చేశానే. నువ్వు మాలా లేవు. ఉండక్కర్లేదు కూడా. ఆ మాటే అప్పుడు చెప్పాల్సింది." గిన్నె నా చేతికిచ్చింది. "ఏదీ, ఆ బ్రష్షు ఇటివ్వు. మా పశువుల కొట్టానికి ఎన్నిసార్లు రంగేశానో నీకేం తెలుసు!"

కబురందుకుని గోడ మీది ఆడవాళ్లంతా వచ్చారు. సాయంత్రానికి ఆ మాట కనబడకుండా పోయింది. ముఖాలు మళ్లీ తేలాయి. ఒక్కొక్కరి కొరియా పేరూ అడిగి, బొమ్మ కింద అమెరికా పేరు పక్కనే రాశాం. కిర్‌స్టెన్ వంతు వచ్చింది.

"నీ కాగితాల్లో ఓక్... ఏదో ఉండేది. ఎలా పలకాలే?" అడిగింది ఆర్డిస్.

"ఓక్-జు."

"ఓగ్జూ."

"తుమ్మినట్టుందమ్మా!"

అందరం గొల్లుమన్నాం. ఆర్డిస్ మాత్రం పట్టు వదల్లేదు. "నవ్వింది చాలు, మళ్లీ చెప్పు."

ఏడోసారికి సరిగ్గా వచ్చింది. నిచ్చెన మీదున్న కూతురు తడి కళ్లతో తల తిప్పి, "ఏంటమ్మా?" అని పలికింది.

"దిగవే. రెండోసారి వేడిచేయించిన హాట్‌డిష్ కూడా చల్లారిపోతోంది."