కావ్య బటన్

కుమారస్వామి చేతిలోని గేమ్ తెర మీద ఒకటే మాట: ఈ ప్రోగ్రామ్ నడవదు. ఆపాడు, మళ్లీ పెట్టాడు. మళ్లీ అదే మాట.

అది కంపెనీ అమ్మిన ఆట కాదు. కండరాలు సన్నగిల్లే జబ్బుతో కూతురు కావ్య మంచానపడి, కుడిచేతి బొటనవేలు తప్ప ఏదీ కదలకుండా పోయినప్పుడు, హసన్‌పర్తి కాలేజీలో కంప్యూటర్లు చెప్పే ఆ తండ్రి కారు పందెం ఆట ఒకదాన్ని ఈ చేతి గేమ్‌లోకి దొంగదారిన ఎక్కించాడు. కారు దానంతటదే పోతుంది, ఒక్క బటన్ ఒత్తితే మలుపు తిరుగుతుంది. పిల్ల మళ్లీ నవ్వింది.

కాకపోతే పాత సాఫ్ట్‌వేర్ ఉన్నంతకాలమే ఆ దారి. కంపెనీ అప్‌డేట్ ఎక్కిందా, మళ్లీ తలుపు తెరవడం బ్రహ్మతరం కూడా కాదు. అందుకే వైఫై ఎప్పుడూ ఆపి ఉంచేవాడు. నిన్న ఆటలోకి కొత్త రోడ్డొకటి ఎక్కిద్దామని ఆన్ చేసి, ఆపడం మరిచిపోయాడు మహానుభావుడు. ఇప్పుడు అప్‌డేట్ ఎక్కి కూర్చుంది.

"ఎవ్వలు ఒత్తిండ్రే అవ్వా? నువ్వేనా? ఏదడిగినా ఓకే కొట్టుడేనా?" అని తల్లి కట్టమ్మ మీద విరుచుకుపడ్డాడు.

"నేనెందుకు ముడతా కొడుకా! ఛార్జింగ్ పెట్టిన, గంతే," అంది కట్టమ్మ బిక్కమొహం వేసి.

"నాయినమ్మనేమనకు బాపూ. నేనే ఒత్తిన," అంది కావ్య మంచం మీది నుంచి.

జబ్బు మీది కోపమంతా పిల్ల మీదికి మళ్లింది. "అప్‌డేట్ చెయ్యాల్నా అని అడిగింది గదా! తర్వాత అనొద్దా? గింత తెల్వదా?"

"తెలుసు. తర్వాత అనాలంటే పక్క బటన్ ఒత్తాలె. నా వేలు అందదు. నీకు కేకేసిన, నువ్వు ఫోన్ల ఉన్నవు. మస్తుసేపు ఆగిన బాపూ. వేలు వణికి తగిలింది."

కుమారస్వామి గేమ్ మీది బటన్ వంక చూశాడు. ఆటంతా ఆ ఒక్క బటన్‌కు కట్టింది తానే. దానికి తెలిసిందల్లా సరే అనడం. కూతురికి కారిచ్చాడు, మలుపులిచ్చాడు, వద్దు అనే మాట ఇవ్వాలని మాత్రం తోచలేదు. తన తెలివి మీద తనకే అసహ్యం పుట్టింది.

"అప్‌డేట్ గాని పాత గేమ్ ఇంకోటి యాడన్న దొరకబట్టి మళ్ల చేస్త బిడ్డా. ఫికర్ చెయ్యకు."

"జర జల్ది చెయ్యి బాపూ," అంది కావ్య. "ఈ వేలు గూడ బరువైతాంది."

కుమారస్వామి ఆ వేలు పట్టుకుని, కూతురి ముందే భోరుమన్నాడు.