వరద ఏడాది మూటలు

"తడిచేత్తో ముట్టుకుంటున్నావా? అవి మా ముత్తాతగారివి, తెలుసా?" అన్నాడు భర్త గుమ్మంలో నిలబడి.

ఆమె చేతులు పొడిగానే ఉన్నాయి. కొంగుతో తుడుచుకున్నాకే ముట్టుకోవాలని, ఈ దివాణానికి కోడలిగా వచ్చిన కొత్తలోనే అత్తగారు నేర్పింది. ఏటా ఎండలు ముదరగానే పాత రాతప్రతుల మూటలన్నీ విప్పాలి, నీడపట్టున ఆరబెట్టాలి, పురుగు పట్టిన చోట మెత్తటి కుంచెతో దులపాలి, మళ్ళీ గుడ్డ చుట్టి గాలి చొరబడకుండా ముడి వెయ్యాలి. ఆ ముడి అత్తాకోడళ్ళకు తప్ప ఇంట్లో ఎవరికీ రాదు. మగవాళ్ళు చెయ్యి పెడితే పీటముడే. నడుం పడిపోయినా ఆమె ఒక్క ఏడూ మానలేదు. పైగా ఆ పనంటే ఇష్టం కూడాను, అదీ ఆమె ఖర్మ.

భర్త తమ గ్రంథాలయ చరిత్ర రాస్తానన్నప్పుడు, ఏ పుస్తకం ఏ తాతగారు తెచ్చారో, వరద వచ్చిన ఏడాది ఏవేవి తడిశాయో అన్నీ ఆమే చెప్పింది. "ముందుమాటలో నీ పేరే మొదట వేస్తానోయ్" అన్నాడతను. పిచ్చిమొహం, నమ్మింది.

పుస్తకం విడుదల దివాణం హాల్లోనే జరిగింది. అతిథులకు టీలు అందిస్తూ ఆమె ఒక ప్రతి తెరిచి చూసింది. పేరు లేదు. వెనక్కీ ముందుకీ తిప్పింది. ఎక్కడా లేదు. వరదలో పుస్తకాలన్నీ మామగారే భుజాన మోసి మేడెక్కించారట! ఆ రోజు ఆయన ఊళ్ళోనే లేరు. మోసింది నిండు చూలాలైన అత్తగారు. ఆ సంగతి ఆవిడే ఎన్నోసార్లు కళ్ళనీళ్ళతో చెప్పింది.

వంటింట్లో అత్తగారు దొరకగానే అడిగేసింది. "చూశారా అత్తయ్యా, మీ అబ్బాయి నా పేరు తీసేశారు. మీదీ లేదు."

"వాడు రాశాడమ్మా, ఇద్దరివీ. నేనే కొట్టేయించాను" అంది అత్తగారు, ఖాళీ కప్పులు సర్దుతూ. "ఆడవాళ్ళే మోశారు, ఆడవాళ్ళే దులిపారంటే, మరి మగవాళ్ళేం చేశారని అడగరూ? వంశం పరువేం కాను?"

భర్త చేసిన మోసమైతే ఎలాగో మింగేసేది, అలవాటే. కానీ తన చేతులు పట్టుకుని ముడి నేర్పిన చేతులివి.

"ఏమోయ్, ఇలా రా! అందరూ చూసేశారు, మూట కట్టాలి" అని హాల్లోంచి భర్త కేకేశాడు. అన్నిటికన్నా పాత రాతప్రతి అతిథులు చూడ్డానికి బల్ల మీద పరిచి ఉంది. దాని తాడు అప్పటికే అతని చేతిలో పీటముడి పడింది.

"వెళ్ళమ్మా, పిలుస్తున్నాడు" అంది అత్తగారు.

ఆమె అలవాటుగా చేతులు కొంగుతో తుడుచుకుంది. తర్వాత పీట వాల్చుకుని కూర్చుని, చల్లారిపోయిన తన టీ అందుకుంది.

"ఆ చరిత్రలో నేను లేనుగా అత్తయ్యా" అంది. "లేని మనిషి వచ్చి ముడెలా వేస్తుంది?"