ఐదువందల ఎనభై ఒక్క ముడులు

పుంగనూరులో ఫాతిమున్నీసా రోజూ ఒకే తీరుగా లేస్తుంది. నమాజు చేసుకొని, పొయ్యి మీద టీకి నీళ్ళు పెట్టి, గోడ మేకుకు వేలాడే తాడు దగ్గరికి పోయి నిలబడుతుంది. నీళ్ళు మరిగేలోగా తాడులో ఒక ముడి దానికదే వదులై, జారి, విడిపోతుంది. అది కళ్ళారా చూసుకున్నాకే టీపొడి వేస్తుంది. ముడి బద్ధకిస్తే టీ కూడా ఆలస్యమే.

ఆమెది తాళ్ళు పేనే ఇల్లు. కిత్తనార మట్టలు నానబెట్టి, కొట్టి, నార తీసి, పురిపెట్టి పలుపులూ పగ్గాలూ చేస్తుంది. ప్లాస్టిక్ తాళ్ళు వచ్చాక పలుపులు కొనేవాళ్ళు తగ్గారు గానీ రోజుల తాడు కోసం వచ్చేవాళ్ళు తగ్గలేదు. ఫలానా పని కోసమని మనసులో అనుకొని ఫాతిమున్నీసా ఎన్ని ముడులు వేస్తే అన్ని రోజులూ తెల్లారికొకటి చొప్పున విడిపోతాయి. ఆఖరి ముడి పోయిన రోజున ఆ పని జరుగుతుంది. ఆవు ఈనడానికి, కాలి కట్టు విప్పడానికి, డిగ్రీ రిజల్టుకు జనం కట్టించుకుపోతారు. యూనివర్సిటీ వాళ్ళు రిజల్టు ఎప్పుడిస్తారో యూనివర్సిటీకి తెలియదు గానీ ఫాతిమున్నీసా తాడుకు తెలుసు. నైలాన్ తాడుకు మాత్రం ఈ విద్య అబ్బలేదు.

ఈ తాళ్ళకు ఒకటే కట్టడి. ముడిని చేత్తో విప్పకూడదు. పెద్దపంజాణి గోవిందప్పకు ఓపిక తక్కువ. ఆవు ఇంకా ఈనలేదేమని మిగిలిన పదకొండు ముడులూ ఒకేసారి విప్పేశాడు. ఆ సాయంత్రమే ఆవు ఈనింది. దూడ పిల్లికూన అంత ఉంది. దానికి గుడ్డపేలికతో పాలు పట్టి బతికించేసరికి గోవిందప్ప సగమయ్యాడు. పుంగనూరు ఆవులు పొట్టిగా ఉండటానికి ఆయన తొందరే కారణమని గిట్టనివాళ్ళు ఇప్పటికీ అంటారు.

గోడకు వేలాడే తాడు మాత్రం అమ్మకానిది కాదు. అది ఫాతిమున్నీసా కూతురు జబీన్‌ది.

జబీన్ మొగుడు అజ్మతుల్లా జబ్బుచేసి పోయాక, ఇల్లు గడవక, ఆమె కువైట్‌లో ఇంటిపనికి పోయింది. అప్పటికి కూతురు సనాకు పదమూడేళ్ళు. ఒప్పందం రెండేళ్ళని ఏజెంటు చెప్పాడు. ఫాతిమున్నీసా ఏడువందల ముప్పై ముడులతో ఒకే నార నుంచి జంట తాళ్ళు పేనింది. ఒకటి గోడకు, ఒకటి జబీన్ నడుముకు. జంట తాళ్ళలో ఇక్కడ విడిపోయిన ముడి అక్కడా విడిపోతుంది. సముద్రం అడ్డమున్నా సరే.

రెండేళ్ళకు ఆఖరి ముడి విడిపోయింది. ఆ రోజు ఇల్లంతా కడిగి, సేమ్యా వండి కూర్చున్నారు. జబీన్ రాలేదు, ఫోను వచ్చింది. ఒప్పందం ఆ రోజుకు ముగిసిన మాట నిజమే. మర్నాటి నుంచి ఇంకో రెండేళ్ళ ఒప్పందం రాయించింది ఆ ఇంటి యజమానురాలు. పాస్‌పోర్టు ఆమె బీరువాలో ఉంది. ఫాతిమున్నీసా కన్నీళ్ళు తుడుచుకొని మళ్ళీ నార తీసింది, మళ్ళీ జంట తాళ్ళు పేనింది, ఒకటి కువైట్ పోయేవాళ్ళ చేతికిచ్చి పంపింది. అట్లా మూడు తాళ్ళు అయిపోయాయి. ఇప్పుడు గోడకున్నది నాలుగోది. సనాకు పందొమ్మిది నడుస్తోంది. తల్లి గొంతు గుర్తుంది గానీ తల్లి వాసన ఎట్లా ఉండేదో ఆ పిల్లకు గుర్తులేదు. అది గుర్తుతెచ్చుకోవాలని పాత దుప్పట్లలో ముఖం పెట్టి చూసేది. కిత్తనార వాసన తప్ప ఏమీ వచ్చేది కాదు.

మూడు నెలలుగా ఆ గొంతు కూడా లేదు. రంజాన్‌కు ముందు ఎవరి ఫోను నుంచో ఒక్క నిమిషం మాట్లాడింది. "నా ఫోన్ తీసుకునేసినారు బేటీ. బయటికి పంపరు. తాడు సూసుకుంటా ఉండాను. అది అయ్యేదాకా ఉంటాను" అంది. అంతే.

సనా రోజూ బస్సెక్కి మదనపల్లెలో డిగ్రీ కాలేజీకి పోతుంది. చరిత్ర చెప్పే సుప్రజ మేడమ్‌ది కుప్పం పక్కన శాంతిపురం. పాఠం నడుమ పక్కదారులు పట్టడం ఆమెకు అలవాటు. పిల్లలకు ఆ పక్కదారులే ఇష్టం. ఆ శుక్రవారం వలస పాలన మీద పాఠం మొదలుపెట్టి, ఎక్కడో అమెరికా ఎడారి అంచుకు వెళ్ళిపోయింది.

"న్యూ మెక్సికో అని ఉండాది. ఆడ మట్టి ఇటుకలతో అంతస్తుల మీద అంతస్తులు కట్టుకొని, నిచ్చెనలెక్కి ఇండ్లలోకి దిగే జనం ఉండారు. ప్యూబ్లోలంటారు వాళ్ళను. స్పానిష్‌లో ప్యూబ్లో అంటే ఊరు. వానకోసం ఆటాడతారు, పాటపాడతారు. మన మాదిరే వాన కరువు నేల. మొక్కజొన్న వాళ్ళకు తిండే కాదు, తల్లి. స్పెయిన్ వాళ్ళొచ్చి ఆ మొక్కజొన్న పన్నుగా గుంజుకున్నారు, వెట్టి చేయించినారు, పూజలు చేసుకునే భూగృహాల్లో జొరబడి వాళ్ళ దేవతల ముసుగులు కాల్చినారు. ఎనభై ఏండ్లు ఓర్చుకున్నారు."

"ఎదురు తిరగలేదా మేడమ్?" అడిగాడు వెనక బెంచీలో మురళి.

"తిరగాలంటే అందరూ ఒకే రోజు తిరగాల గదా అప్పా. ఒక ఊరి భాష ఇంకో ఊరికి రాదు. మా కుప్పంలో ఒక సందులో తెలుగు, ఇంకో సందులో తమిళం, మలుపు తిరిగితే కన్నడం ఉండే మాదిరి. అందుకని తాళ్ళకు ముడులేసినారు. యక్కా అనే మొక్క నార అంటారు, మన కిత్తనారకు చుట్టం. పరుగెత్తేవాళ్ళు ఆ తాడు ఊరూరికీ మోసినారు. రోజుకొక ముడి విప్పాల. ఆఖరి ముడి పోయిన రోజు అందరూ ఒకేసారి లేయాల."

"మా ఫాతిమక్క తాడే అది!" అన్నాడు మురళి. "మా ఎనుముకు కట్టిచ్చింది మేడమ్. ఒక్క రోజు తప్పలేదు."

క్లాసులో ఎవరూ ఆశ్చర్యపోలేదు. మేడమ్ కూడా తలూపింది. వాళ్ళ అక్కకు ఆపరేషను కుట్లు విప్పే రోజు కోసం ఆమె కూడా ఒకటి కట్టించుకుపోయింది. సనా మాత్రం లేచి నిలబడింది.

"తర్వాతేమైంది మేడమ్?"

"పరుగెత్తే పిల్లోళ్ళు ఇద్దరు పట్టుబడినారమ్మా. ఇంకా రెండు ముడులుండాయనంగా తాడు శత్రువు చేతికి పోయింది. రోజు తెలిసిపోయింది."

"అయితే ఆగిపోయినారా?"

"యాల ఆగుతారు? వాళ్ళు పట్టుబడిన కబురు అందిన ఊళ్ళు మిగిలిన ముడుల కోసం కాచుకోలేదు. ముందే లేచినారు. స్పెయిన్ వాళ్ళను తరిమేసి, పన్నెండేండ్లు ఆ నేల మీద కాలు పెట్టనీలేదు. తిరిగొచ్చినాక కూడా వాళ్ళ పూజలు మాన్పించలేకపోయినారు. ఆ ఊళ్ళు ఇప్పటికీ ఉండాయి. ఆ పరుగును తలుచుకొని ఇప్పటికీ పరుగెత్తతారు."

సనా కూర్చోలేదు. మేడమ్ కూర్చోమన్నాక కూర్చుంది గానీ ఆ తర్వాత చెప్పింది ఒక్క ముక్క వినలేదు. పుంగనూరు బస్సులో కిటికీ పక్క సీటు దొరికినా బయటికి చూడలేదు.

ఆదివారం పొద్దున టీ తాగాక సనా తాడును మేకు నుంచి దించి వాకిట్లో చాప మీద పరిచింది. ఆ ఇంట్లో మాట్లాడుకునేది దక్కనీ ఉర్దూలో. వాళ్ళ మాటలు నేను తెలుగులో చెబుతున్నాను.

"ముట్టుకోవద్దు!" ఫాతిమున్నీసా పీచు చేతుల్తోనే పరుగెత్తుకొచ్చింది. "గోవిందప్ప ఆవు మరిచిపోయినావా? తొందర పెడితే మీ అమ్మ ఏ గతిన వస్తాదో! శవపెట్టెలో వచ్చినోళ్ళు లేరా మన వీధిలో?"

ఆ మాట సనాకు గుండెల్లో దిగింది. ఆ భయం ఆమెకూ ఉంది. రెండు రాత్రులు ఆ భయంతోనే పడుకుంది.

"నానీ, ముడులేసేటప్పుడు మనసులో ఏమనుకున్నావు?"

"ఏమనుకుంటా? రెండేండ్ల ఒప్పందం అయిపోవాలనుకున్నా."

"అమ్మీ రావాలని అనుకోలేదా?"

ఫాతిమున్నీసా వేళ్ళకంటిన పీచు దులుపుకుంది.

"ప్రతిసారీ ఒప్పందమే అయిపోయింది, అమ్మీ రాలేదు. ఆ కువైట్ మేడమ్ రెండేండ్లంటే మనం రెండేండ్లకు ముడులేసినాం. ఆమె ఇంకో రెండంటే మనం ఇంకో రెండేసినాం. ఆడ అమ్మీ ఈ తాడు సూసుకుంటా కూసోనుండాది. అమ్మీని ఆడ కట్టిపెట్టింది ఆ మేడమ్ ఒక్కతే కాదు నానీ, మనం కూడా."

ఫాతిమున్నీసా తాడును చూసింది. ఆరేళ్ళుగా తన చేతులు ఏం పని చేశాయో ఇప్పుడు ఎవరో చూపించినట్టు తన చేతుల వైపు కూడా చూసుకుంది. తరువాత కొంగుతో ముఖం తుడుచుకొని చాప రెండో చివర కూర్చుంది.

"ఎన్నుండాయి?"

"ఐదువందల ఎనభై ఒకటి."

"ఆ పక్క నుంచి నువ్వు రా. ఈ పక్క నుంచి నేనొస్తా. ఈసారి మీ అమ్మనే తలుచుకో, ఇంకేమీ తలుచుకోవద్దు."

వాటంతట అవి విడిపోవడమే అలవాటైన ముడులు వేలికి లొంగలేదు. గోళ్ళతో పెకలించాలి, పళ్ళతో పట్టి లాగాలి. గంటకు నలభై కూడా కాలేదు. పదిగంటలకు పలుపు కోసం రైతు చిన్నమ్మ వచ్చింది. వాకిట్లో జరుగుతున్నది చూసి ఏమీ అడగకుండా కొడవలి పక్కన పెట్టి కూర్చుంది.

"జబీన్ కోసమే గదా? కొంచెం తాడు ఇట్లా జరుపమ్మా. నా కూతురి పెండ్లికి గోరింటాకు పెట్టింది ఆ పాపే."

తరువాత ఎదురింటి బాబ్జాన్ వచ్చాడు. కుట్టు మిషను సూది తెచ్చాడు, ముడి నడుమ దూర్చడానికి. మురళి వాళ్ళమ్మను తీసుకొని వచ్చాడు. సంతలో ఎట్లా తెలిసిందో గోవిందప్ప కూడా వచ్చి చాప కొసన కూర్చున్నాడు. అందరూ ఆయన వైపే చూశారు.

"యాల సూస్తారు? ముడులిప్పడంలో నాకున్నంత అనుభవం మీకెవరికుండాది?" అన్నాడు.

ఆ రోజు వాకిట్లో నవ్వు వినిపించింది అప్పుడొక్కసారే. మధ్యాహ్నం అన్నం ఎవరూ తినలేదు. సనా వేళ్ళ కొసల్లో తోలు లేచింది. ఒక్కో ముడి దగ్గర అమ్మీ, అమ్మీ అనుకుంటూ పోయింది. మూడున్నరకు అటు చివర నుంచి నానీ, ఇటు చివర నుంచి మనుమరాలు ఒకే ముడి దగ్గరికి వచ్చారు. అది ఇద్దరూ కలిసి విప్పారు.

ఏమీ జరగలేదు. తాడు తాడుగా చాప మీద పడి ఉంది. కాసేపు కూర్చొని ఎవరి ఇండ్లకు వాళ్ళు పోయారు.

అప్పుడు కువైట్‌లో ఏం జరిగిందో తర్వాత జబీన్ చెబితే తెలిసింది. పొద్దుటి నుంచే నడుముకున్న తాడులో ముడులు చీమలు పాకినట్టు కదులుతున్నాయట. ఇస్త్రీ చేస్తూ మధ్యమధ్య తడుముకుంటే పది పోయి ఉండేవి, ఇరవై పోయి ఉండేవి. మధ్యాహ్నం ఒంటిగంటకు తాడు మొత్తం వదులై జారి కాళ్ళ దగ్గర కుప్పగా పడింది. తన రోజు వచ్చిందని ఆమెకు ఒక్క అనుమానం కూడా రాలేదు. ఇంట్లో వాళ్ళు నిద్రలో ఉన్నారు. చెత్త పారబోసే ఆ వేళ మాత్రమే ఆ ఇంటి తలుపు ఆమె కోసం తెరిచి ఉంటుంది. చెత్త సంచీ పట్టుకొని బయటికి వచ్చింది, డబ్బాలో వేసింది, వెనక్కి తిరగలేదు. ఎండలో రెండు వీధులు నడిచి, ఆగిన మొదటి టాక్సీ ఎక్కి భారత రాయబార కార్యాలయం పేరు చెప్పింది. ఆరేళ్ళలో భయం లేకుండా నడిచింది ఆ రెండు వీధులేనట. ఆ రాత్రే కార్యాలయం నుంచి ఇంటికి ఫోను చేసింది.

పాస్‌పోర్టు బదులు కాగితాలు రావడానికి ఇరవైరెండు రోజులు పట్టింది. ఆ ఇరవైరెండు రోజులకు ఫాతిమున్నీసా ఏ తాడూ పేనలేదు. సనా ఎంత అడిగినా పేనలేదు. వచ్చినప్పుడే వస్తుందిలే అంటూ రోజంతా వీధి చివర చూస్తూ ఉండేది.

జబీన్ బెంగళూరులో దిగి, మదనపల్లె మీదుగా బస్సులో వచ్చింది. చెప్పకుండా వచ్చింది. మనిషి చిక్కి సగమైంది. జుట్టు చెవుల దగ్గర తెల్లబడింది. చేతిలో ఒక కవరు తప్ప ఏమీ లేదు.

వాకిలి దాటి గడప దగ్గరికి వచ్చి ఆగిపోయింది. చెప్పులు విప్పి చేతిలో పట్టుకుంది. తల వంచుకొని, అరబ్బీలో ఏదో అడిగింది.

లోపల ఉన్న ఇద్దరికీ ఆ భాష రాదు. కానీ అది ఎట్లాంటి ప్రశ్నో ఆ నిలబడిన తీరులోనే తెలిసింది. లోపలికి రావచ్చునా అని అడుగుతోంది.

"నీ ఇల్లేనే ఇది! నా తల్లీ, నీ ఇల్లే!" ఫాతిమున్నీసా గోడకు ఆనుకొని ఏడ్చింది.

జబీన్‌కు ఆ మాట చెవికి ఎక్కినట్టు లేదు. ఇంకా అట్లాగే, ఎవరో రమ్మనాలన్నట్టు నిలబడి ఉంది.

సనా రమ్మనలేదు. తనే గడప దాటి బయటికి పోయింది. తల్లి చేతిలోని చెప్పులు తీసుకొని కింద పెట్టి, ఆ చెయ్యి పట్టుకొని పక్కన నిలబడింది. అరచెయ్యి గరుకుగా ఉంది, సబ్బు వాసన వేస్తోంది. కాసేపటికి ఇద్దరూ కలిసి లోపలికి పోయారు.