ఆంథోని రోకలి

మా ఇంట్లో ఎవరికి కోపమొచ్చినా వాడకట్టంతా తుమ్ముతుంది. కోపం ముక్కు దాకా వచ్చినవాళ్లు నోరు మూసుకుని పెరట్లోకి పోయి, రోకలి పట్టి ఎండుమిరపకాయలు దంచాలి. అది మా ఇంటి ఆచారం. దుమ్ముగూడెంలో కారం పట్టే గిర్నీ పెట్టి ఎన్నేళ్లయిందో గానీ, మా కారం ఇంతవరకు దాని మొహం చూడలేదు. అందుకు సరిపడా కోపం మా వంశంలో ఉంది, దేవునికి స్తోత్రం.

నా పేరు సంపూర్ణ. ఈ మండలంలో సర్కారు నర్సును. ఎడమకాలు కుంటుకుంటూనే అడవి అంచు ఊళ్లన్నీ తిరిగి కాన్పులు చేశాను. నన్ను చూస్తే పురిటినొప్పులు కూడా బుద్ధిగా నడుచుకుంటాయని నా నమ్మకం. మా తమ్ముడు జస్టిన్‌ది కూడా అదే నమ్మకం. పాల్వంచలో షిఫ్టు డ్యూటీలు చేసుకునే వాడు, భార్య గ్రేస్‌ను రెండో కాన్పుకు నా దగ్గరికే పంపాడు. పెద్దది మహిమ పుట్టిన పదిహేనేళ్లకు, రెండు వేల నాలుగు ఎండాకాలంలో, బాబు పుట్టాడు.

బడికి సెలవులివ్వగానే మహిమ బస్సు దిగింది. తమ్ముడి కోసం ఊలు టోపీ అల్లి తెచ్చింది. మా ఎండల్లో ఊలు టోపీ! నవ్వుకున్నాను. పిల్ల పరుగున మంచం దాకా వచ్చింది. బాబును కళ్లారా చూసింది. చేతులు మాత్రం వెనక్కి కట్టుకుంది.

"ఎత్తుకో బిడ్డా" అంది గ్రేస్.

"వద్దమ్మా. నువ్వే ఎత్తుకో."

వారం గడిచినా అదే వరస. బాబు గుడ్డలు ఉతికేది, ఉయ్యాల దూరం నుంచి తాడుతో ఊపేది. వాడు గుక్కపెట్టాడంటే చాలు, మొహం పాలిపోయి బయటికి పోయేది.

"ఇన్నేండ్లకు తమ్ముడు పుడితే ఓర్వలేకపోతుంది వదినా" అని గ్రేస్ కళ్లు తుడుచుకుంది.

ఓర్వలేని పిల్ల వాడి గుడ్డలు ఉతుకుతుందా? ఆ మధ్యాహ్నమే మహిమను పెరట్లో పట్టుకున్నాను.

"ఏంది పిల్లా నీ సంగతి? నాతోని దాయకు."

అది నా మొహం చూడలేదు, నా కాలు చూసింది.

"నీ కాలు పోలియోతోని పోలేదట గదా అత్తా. ఆంథోని తాత ఇరగ్గొట్టిండట. సైదమ్మ చెప్పింది."

సైదమ్మ మా పక్కింటావిడ. ఆమె నోట్లో నువ్వుగింజ నానదు. అడిగినవాళ్లకల్లా పోలియో అని చెప్పడం మా ఇంట్లో అలవాటు. పిల్లలకూ అదే చెప్పాం.

"బళ్లె నేనొక పిల్లను టిఫిన్ డబ్బాతోని కొట్టిన" అంది మహిమ. "కనుబొమ్మ పగిలింది. కోపమొస్తే నాకు కండ్లు కనబడయి అత్తా. పాఠంల చెప్పిండ్రు, మనిషి గుణం గూడ జన్యువులల్ల వస్తదని. నాకు తాతదే వచ్చింది. వీడు ఏడుపు ఆపకుంటే నా చెయ్యి ఏం జేస్తదో నాకే తెల్వదు. అందుకే ముట్ట."

ఇంత భయాన్ని ఈ పిల్ల ఒక్కతే మోసిందా అనిపించింది. ఇక అబద్ధం పనికిరాదు.

"అవ్. నాయనే ఇరగ్గొట్టిండు" అన్నాను. "నాకు నాలుగేండ్లు. ఏడుపు ఆపుతలేనని రోకలి ఇసిరిండు. గిదే రోకలి."

మహిమ గోడకు ఆనించిన రోకలి వైపు చూసి ఒకడుగు వెనక్కి వేసింది.

"మొత్తం ఇను. నన్ను భుజానేసుకొని దవాఖానాకు ఉరికింది గూడ ఆయనే. వచ్చినంక అందరు రోకలిని పొయ్యిల పెట్టమన్నరు. ఆయన పెట్టలే. రోలును గుంజుకొచ్చి కంచె పక్కన పాతిండు. కోపమొచ్చినప్పుడల్ల ఈడికే వచ్చి దంచేది. కోపమైతే ఆయన సచ్చేదాక పోలే. చెయ్యి మాత్రం మల్ల ఎవ్వరిమీద లేవలే. మీ నాయన ఒక్క దెబ్బ తినలే, అడుగు. ఆయన కోపం నాకూ వచ్చింది, నీకంటె రెండింతలు. మరి గీ చేతులల్ల పడ్డ పిల్లలల్ల ఒక్కడన్న కుంటుతుండా?"

నేను గెలిచాననుకున్నాను. మహిమ ముక్కుపుటాలు అదిరాయి, అచ్చం మా నాయనవే.

"మరి గిదంత ఎందుకు దాసిండ్రు? గిన్నేండ్లు నాకు అబద్ధం చెప్తరా!"

అది రోకలి అందుకుంది. మిరపకాయలు నేనే పోశాను. గాలి సైదమ్మ ఇంటివైపు వీస్తోంది, అంతా దేవుని దయ. కాసేపటికి గోడ అవతల తుమ్ములు మొదలయ్యాయి.

"ఎవరికే కోపమొచ్చింది?" అని అరిచింది సైదమ్మ.

"నీ మీదనే!" అన్నాను.

అంతలో లోపల బాబు గుక్కపెట్టాడు. గ్రేస్ స్నానానికి పోయింది. రోకలి ఆగింది. మహిమ లోపలికి నాలుగడుగులు వేసింది.

"ఆగు! కారం చేతులు!" అని కేకేశాను. నూనె రాసి, సబ్బు పెట్టి, మళ్లీ నూనె రాసి నేనే కడిగాను.

మహిమ బాబును ఎత్తుకుంది. వాడు ఏడుపు ఆపలేదు సరికదా, పిడికిళ్లు బిగించి, మొహం కందిపోయేలా ఇంకా పెంచాడు. పిల్ల వాడి మెడ కింద చెయ్యి సరిగ్గా పెట్టి, అటూ ఇటూ నడిచింది. ఏడుపు చాలాసేపు సాగింది. నడక కూడా సాగింది.

"వీనికి గూడ వచ్చిందత్తా" అంది చివరికి. దాని కళ్లలో నీళ్లు కారానివో ఏమో, నవ్వుతోంది.

"రాక యాడికి పోతది? వానికో చిన్న రోకలి చేయిస్త తియ్."

"వద్దు" అంది మహిమ. "గా రోకలే ఇద్దాం. గది నీ కాలు ఎట్ల ఇరగ్గొట్టిందో గూడ చెప్పాలె. పోలియో అని మాత్రం చెప్పొద్దు."

సరేనన్నాను.