నడిమి అక్షరం

నేను ఒక మిగులు ముక్కను. ప్రొద్దుటూరులో పరుపులు కుట్టే దూదేకుల పీరయ్య ఒక పెళ్లివారి ఆర్డరుకు నీలం గుడ్డ కత్తిరిస్తే అంచున మిగిలిపోయాను. అంగట్లో మిగులు ముక్కల గతి తెలిసిందే. మిషను తుడవడానికో, తలగడలో కుక్కడానికో పోతాయి. నేను మాత్రం దేశం తరఫున ఆడి వచ్చాను. పెట్టుబడి లేని సరుకు ఇంత దూరం పోవడం మా బజారులో ఇంకెప్పుడూ జరగలేదని నా గట్టి నమ్మకం.

దీనికంతటికీ మూలం బడిలో డ్రిల్లు మేడం భాగ్యరేఖ. ఆమె ఆడపిల్లలకు నెట్‌బాల్ నేర్పడం మొదలుపెట్టింది. ఈ ఆటలో జట్టుకు ఏడుగురు, ఏడుగురికీ వేరువేరు స్థానాలు. ఎవరిది ఏ స్థానమో తెలియడానికి ముందూ వెనకా ఇంగ్లీషు అక్షరాలున్న తొడుగు వేసుకోవాలి. దాన్ని బిబ్ అంటారు. బడిలో బిబ్బులు లేవు. జట్టులో పీరయ్య కూతురు దస్తగిరమ్మ ఉంది గనుక ఆ పని పీరయ్య నెత్తిన పడింది. మేడం గీసిచ్చిన అక్షరాలను ఆయన తెల్లగుడ్డలో కత్తిరించి మాలాంటి మిగులు ముక్కల మీద పరుపు దారంతో కుట్టేశాడు. ఆయనకు ఇంగ్లీషు రాదు. మిగతా ఆరింటి మీదా రెండేసి అక్షరాలు, నా ఒక్కదాని మీదే ఒకటి. సి.

"ఇదేందో నెలవంక మాదిరి బాగుండాది. దీన్ని నువ్వేసుకో పాపా," అని నన్ను కూతురికిచ్చాడు.

మేడం మొదట నవ్వింది. తర్వాత ఆ పిల్ల పరుగు చూసి, సరే, ఉండనీ అంది. ఒక మనిషి బతుకు ఏ దారిన పోవాలో తేల్చింది తండ్రి కంటికి నచ్చిన ఒక వంపు. మనుషులు చాలా ఆలోచించి చేసిన బేరాలు ఇంతకంటే బాగా కుదరడం నేను చూడలేదు.

సి అంటే సెంటర్. మైదానం నడుమ నుంచి ఆట మొదలుపెట్టే మనిషి. ఈ ఆటలో బంతి పట్టుకుని పరిగెత్తకూడదు. చేతికొచ్చిన బంతిని మూడు సెకన్లలో వదిలేయాలి. సెంటర్ మైదానమంతా తిరగవచ్చు గానీ రింగు కిందున్న అర్ధచక్రంలోకి పోకూడదు. అంటే జన్మలో గోలు కొట్టలేదు. వెనకవాళ్ల దగ్గర అందుకుని ముందువాళ్లకు దాటించడమే ఆమె పని. అంగట్లో పుట్టినదాన్ని గనుక నాకది ఇట్టే అర్థమైంది. సరుకును చేతిలో పెట్టుకుని కూర్చున్నవాడు మునుగుతాడు, సమయానికి దాటించినవాడు నిలబడతాడు. దస్తగిరమ్మకు అది ఎవరూ చెప్పకుండానే వచ్చింది. బంతి ఆమె చేతికి తగిలిందో లేదో, అవతల ఖాళీగా ఉన్న పిల్ల చేతిలో ఉండేది.

జిల్లా దాటింది, రాష్ట్రం దాటింది, భారత జట్టు శిబిరానికి పిలుపొచ్చింది. అక్కడ కంపెనీ బిబ్బులిచ్చారు. నేను సంచి అడుగుకు చేరాను. "ఉండనీలే, బరువా ఏమన్నానా," అని పీరయ్యే నన్ను మడిచి పెట్టాడు.

ఊళ్లో మాత్రం ఆయనకు ఒక ఇబ్బంది ఉండేది. కనబడిన ప్రతివాడూ "నీ కూతురు ఎన్ని గోల్సు కొట్టిందబ్బా?" అని అడుగుతాడు. ఏం చెబుతాడు? ఒక్కటీ లేదు. ఆ బాధ ఎదురంగడి బట్టల వ్యాపారి నాగభూషణం శెట్టి తీర్చాడు. పేపర్లో ఫొటో చూసి, ఆమె రొమ్ము మీది అక్షరాన్ని వేలితో పొడిచి, "సి అంటే ఏందనుకున్యావ్ పీరయ్యా? కెప్టెన్! కెప్టెన్లు గోల్సు కొడతారా యాడన్నా? కొట్టిస్తారు గానీ!" అన్నాడు.

ఆ రోజు పీరయ్య నేల మీద నడవలేదు. వారం తిరగకుండా బజారు మొదట్లో ఫ్లెక్సీ లేచింది. భారత కెప్టెన్ దస్తగిరమ్మకు అభినందనలు. బయటి ఊళ్లవాళ్లకూ తెలియాలని కెప్టెన్ అనే మాట ఒక్కటి ఇంగ్లీషులో, బారెడు అక్షరాలతో రాయించారు. అందులో దస్తగిరమ్మ ఫొటో కంటే శెట్టి ఫొటో పెద్దది.

కొలంబోలో పోటీలకు బయలుదేరే పూట ఆమె దాన్ని చూసింది. కింద తండ్రి నిలబడి, దారిన పోయేవాళ్లను ఆపి మరీ చూపిస్తున్నాడు. ఆ సంబరం చెడగొట్టలేక బస్సెక్కింది.

అసలు కెప్టెన్ హర్యానా అమ్మాయి సుమన్. ఆ పదవి కోసం ఏళ్ల తరబడి కాచుకున్న మనిషి. ఫ్లెక్సీ ఫొటో ఫోన్లలో తిరిగి తిరిగి కొలంబోలో ఆమె చేతికి చేరింది.

"తూ కెప్టెన్ కబ్ బనీ?" అంది నవ్వకుండా. నువ్వు కెప్టెన్‌వి ఎప్పుడయ్యావని.

ముస్లిం పేరు చూసి దస్తగిరమ్మకు హిందీ బాగా వచ్చనుకునేవారు జట్టులో. ఇంట్లో తెలుగు తప్ప ఇంకో మాట లేదు. జవాబు కూడగట్టుకునే లోపల సుమన్ వెళ్లిపోయింది. ఆ మౌనాన్ని అందరూ పొగరు కింద జమ కట్టారు.

నష్టం మైదానంలో తేలింది. దస్తగిరమ్మ బంతి పట్టి చూస్తే ముందుకొచ్చి అందుకునేవాళ్లు లేరు. మూడు సెకన్లు దాటడం, ఈల, బంతి ఎదుటివాళ్లకు. వరుసగా రెండు ఆటలు పోయాయి. కోచ్ ఆమెను ఆటలోంచి తప్పించి పక్కన కూర్చోబెట్టి, ఇట్లాగే ఉంటే వచ్చే శిబిరానికి పిలుపు ఉండదని చెప్పేశాడు.

మర్నాడు టిఫిన్ల దగ్గర ఆమె నన్ను సంచిలోంచి తీసి సుమన్ ముందు పరిచింది. ఉన్న హిందీ అంతా ఖర్చుపెట్టింది. "మేరా నాయన... పరుపు టైలర్. ఏ చాంద్ సమఝా. సేఠ్ బోలా, సి మత్లబ్ కెప్టెన్. నాయన బహుత్ ఖుష్. మై... నై బోలీ." నాయన దీన్ని నెలవంకనుకున్నాడని, శెట్టి మాటకు మురిసిపోయాడని, తను కాదని చెప్పలేకపోయిందని.

సుమన్ నన్ను తిరగేసి కుట్టు చూసింది. అక్షరం మీద వేలు పెట్టి వంపు వెంట నడిపింది. ఉన్నట్టుండి టీ చిందేలా నవ్వింది. ఆ మరక నా మీద ఇప్పటికీ ఉంది.

"మా ఊళ్లో నేను ఇంకా వాలీబాల్ ఆడుతున్నాననే అనుకుంటున్నారు," అంది హిందీలో. నవ్వు ఆపి అడిగింది. "ఇంటికెళ్లి నిజం చెబుతావా?"

"చెబుతా."

మూడో స్థానం కోసం ఆఖరి ఆట. దస్తగిరమ్మ బదులు ఆడుతున్న పిల్ల చీలమండ మడతపడి కింద పడింది. పడడంలో బిబ్ పట్టీ ఫట్టున తెగింది. దస్తగిరమ్మను లెమ్మన్నారు గానీ సి అక్షరం బిబ్ ఇంకొకటి లేదు. సుమన్ పరుగెత్తుకొచ్చి, సంచి బోర్లించి నన్ను లాగి, తన చేతులతో దస్తగిరమ్మ మెడలో వేసింది. అంపైరు నా అక్షరం కొలత చూసి తల ఊపింది.

తలగడలో దూరాల్సిన ముక్కను, దేశం పక్షాన మైదానం నడుమ నిలబడ్డాను. పరుపు కుట్టుకు కంపెనీ కుట్టు ఎక్కడ సరిపోతుంది? లాగారు, తోశారు, చెమటలో తడిశాను, ఒక్క పోగు కదలలేదు. చివరి నిమిషంలో స్కోరు సమం. వెనకనుంచి బంతి వచ్చింది. దస్తగిరమ్మ చేతిలో బంతి ఒక్క క్షణం కూడా ఆగలేదు. ఈసారి ముందుకొచ్చింది సుమన్. అందుకుంది, తిరిగింది, రింగులో వేసింది. కంచు పతకం మనది. దస్తగిరమ్మ గోల్సు, యథాప్రకారం, సున్నా.

ప్రొద్దుటూరులో బజారు నడుమ సభ పెట్టారు. ఇంట్లోనే చెప్పేద్దామనుకుంది. పీరయ్య కొత్త చొక్కా వేసుకుని అద్దం ముందు నిలబడి ఉంటే కాలరు సరిచేసి ఊరుకుంది. చివరికి మైకు ముందు నిలబడి, పతకంతో పాటు నన్ను కూడా ఎత్తి పట్టుకుంది.

"నాయనా, నేను కెప్టెన్ కాదు. కెప్టెన్ సుమన్ అక్క. సి అంటే సెంటర్. నడుమ నిలబడేదాన్ని. నేను గోలు కొట్టను, అందిస్తాను. అంతే."

శెట్టి మొహం మాడిపోయింది. జనం పీరయ్య వైపు తిరిగారు. ఆయన మెల్లగా లేచాడు.

"నడుమ అంటే... పరుపులో నడిమి కుట్టు మాదిరా పాపా?"

"అంతే నాయనా."

"అది తెగితే దూదంతా ఒక మూలకు పోతాది గదా!" అని ఆయన శెట్టి వైపు తిరిగాడు. "ఏంది శెట్టీ, నా కూతుర్ని ఇంత తగ్గించి రాయించినావే!"

బజారంతా గొల్లున నవ్వింది. ముందు నవ్వింది శెట్టే.

దస్తగిరమ్మ ఆ తర్వాత ఏళ్ల పాటు దేశానికి ఆడింది. ఇప్పుడు పిల్లలకు నేర్పుతోంది. అంతర్జాతీయ ఆటలన్నీ కలిపినా ఆమె పేరున ఒక్క గోలు లేదు. ఆమె చేతిమీదుగా పోని గోలు మాత్రం నాకు గుర్తులేదు.

నేను పీరయ్య అంగట్లో గోడకు వేలాడుతున్నాను. పరుపు కోసం వచ్చినవాళ్లు నన్ను చూసి, "సి అంటే కెప్టెనా?" అంటారు. పాత రోజుల్లో అయితే అవునని ఒక్క మాటతో తేలిపోయేది. ఇప్పుడాయన సూది పక్కన పెట్టి, "కాదబ్బా, కూచో చెప్తా," అంటాడు. నడుమ అంటే ఏమిటో చెప్పాలంటే ఆటంతా చెప్పాలి, సుమన్‌ను చెప్పాలి, తెగిన పట్టీని చెప్పాలి, నన్ను దించి కుట్టు చూపించాలి. అబద్ధంలో ఆయనకు గిట్టింది ఒక్క మాట. నిజంలో పూటంతా సరిపోయేంత కథ గిట్టింది.