తల లేని రాజు కోటు

తల లేని మనిషికి కోటు కుట్టాలంటే కొలత ఎక్కడ మొదలుపెట్టాలి? దర్జీ కొన్నాళ్లుగా తనకు తాను ఈ ప్రశ్నే వేసుకుంటున్నాడు. మెడ వెనక ఎముక దగ్గర టేపు ఆనించడం అతని చేతులకు ఊపిరి పీల్చినంత అలవాటు. ఇప్పుడు ఆ మెడే లేదు.

నాటక సమాజంవాళ్లు వింత మనుషుల దీవుల మీద నాటకం వేస్తున్నారు. ఎండ కాస్తే వెల్లకిలా పడుకుని తమ ఒంటిపాదాన్నే గొడుగు చేసుకునేవాళ్లు, ఒక చెవి పరుచుకుని రెండో చెవి కప్పుకునేవాళ్లు, గుండెల మీదే కళ్లూ ముక్కూ నోరూ ఉన్నవాళ్లు. పాదాలు, చెవులు అట్టతో, దూదితో తేలిగ్గానే తయారయ్యాయి. తల లేని రాజు దగ్గరే చిక్కు వచ్చింది. ఆ వేషం దర్జీ బావమరిదిది. ఇన్నేళ్లూ బల్లెం పట్టుకుని ద్వారం దగ్గర నిలబడ్డవాడికి మొదటిసారి నోరు విప్పే అవకాశం. దారి తప్పి వచ్చిన నావికులను చూసి, "అయ్యో పాపం, మీ ముఖాలు గుండెలకు అంత దూరంగా ఎందుకున్నాయి?" అని జాలిపడాలి. అంతే.

ఆ మాట విన్న రోజున దర్జీ సూది ఆపి చాలాసేపు ఆలోచించాడు. ప్రతివాడూ తన ఒంటినే కొలబద్ద చేసుకుంటే ఎదుటివాడు వంకరగా కనిపించక ఏం చేస్తాడు?

కోటు పూర్తయింది. ముదురాకుపచ్చ మఖమలు. ఛాతీ మీద పట్టుదారంతో కళ్లు, ఒక్కొక్క రెప్పా విడివిడిగా. దుకాణంలోని కొయ్యబొమ్మకు తొడిగితే అతికినట్టు సరిపోయింది. కొయ్యబొమ్మకూ తల లేదన్న సంగతి అతనికి తట్టలేదు.

ప్రదర్శన ఆ సాయంత్రమే. మధ్యాహ్నం బావమరిది వచ్చి కోటు తొడుక్కున్నాడు. మూసేసిన భుజాల కింద తల ఇరుక్కుని, మోకాళ్లు వంచుకుని, నేరుగా వెళ్లి ఇస్త్రీబల్లకు కొట్టుకున్నాడు.

"బావా, నా తల ఎక్కడ పెట్టుకోవాలి?" బావిలోంచి వచ్చినట్టు వచ్చింది గొంతు.

"ఆ మాట అనాల్సింది నేను రా, ఈయన్ని కట్టుకున్నందుకు," గుమ్మంలోంచి అంది దర్జీ భార్య.

"నవ్వకే అక్కా! ఏమీ కనబడట్లేదు. దారి చూసుకోలేకపోతే ఈ రాజునే తీసేస్తానన్నాడు మా నాటకం మాస్టారు. మళ్లీ నాకు బల్లెమే గతి!"

దర్జీకి అప్పుడు వెలిగింది. కోటు భుజాలు మనిషి నడినెత్తికి పైన ఉండాలి. కోటు ఛాతీ మనిషి ముఖం ముందుకు రావాలి. లోపల నెత్తి మీద బుట్ట పెట్టి ఎత్తు పెంచవచ్చు, మిగిలిన గుడ్డ కింద అతకవచ్చు. కానీ అప్పుడు పట్టుకళ్లు సరిగ్గా అసలు కళ్లకు అడ్డం పడతాయి.

"వాటిని కదిలించకండి," అంది భార్య. "ఎంత బాగా కుట్టారో! పక్కన రెండు కన్నాలు పెడితే సరిపోదూ?"

"నాలుగు కళ్ల రాజునవుతానా?"

దర్జీ ఆ రెప్పలను వేలితో నిమిరాడు. ఇంతకంటే మంచి పని తన చేతినుంచి ఎన్నడూ రాలేదు. అయితే దారం చూడలేదు. దారం జాలిపడలేదు.

"వంటింట్లో పెద్ద బుట్ట ఖాళీ చేసి తీసుకురా," అన్నాడు భార్యతో. బావమరిది చేత కోటు విప్పించి బల్ల మీద పరిచాడు. "నీ ముఖమే బయట పెడదాం. అంతకంటే వింతైనది నేను కుట్టలేను."

"ఇది పొగడ్తా, తిట్టా బావా?"

దర్జీ కత్తెర మొనను పట్టుకళ్ల మధ్య దించి, కోయడం మొదలుపెట్టాడు.