గోడకు ముఖం పెట్టిన బోర్డు

నేను ఒక రేకు బోర్డును. దారి చూపడం నా పని. ఆ పని నేను ఎంత బాగా చేస్తే జనం నాకు అంత దూరంగా నడిచారు.

నన్ను రాసింది ఖాసిం సాహెబు. ఫ్లెక్సీలు వచ్చాక ఆయన కుంచెకు పని తగ్గింది. అందుకేనేమో, దొరికిన ఒక్క రేకు మీద ప్రేమంతా ఒలకబోశాడు. తెల్లరంగు ఆరాక ఎర్ర రిబ్బను వేశాడు. దాని కింద ‘హెచ్‌ఐవి, ఎయిడ్స్‌కు ఉచిత చికిత్స’ అని రాశాడు. చివర ‘ఇటు’ అని పెట్టి పొడుగాటి బాణం గీశాడు. నాలుగడుగులు వెనక్కి వేసి చూసుకుని, “చూపు ఆననోళ్ళకు కూడా కనపడాల!” అన్నాడు. నేను పొంగిపోయాను.

మొదట నన్ను పెద్దాసుపత్రి వసారా చివర, మందులిచ్చే గది తలుపు మీద తగిలించారు. అక్కడిదాకా వచ్చేవాళ్ళకు ఎందుకొచ్చారో తెలుసు. నన్ను ఒకసారి చూసి, తల దించుకుని లోపలికి పోయేవాళ్ళు. ఎవరికీ ఇబ్బంది లేదు.

ఒకరోజు జిల్లా నుంచి ఆఫీసరమ్మ తనిఖీకి వచ్చింది. “బోర్డు రోడ్డు మీదికి కనపడటం లేదేం? ప్రభుత్వం ఇన్ని మందులు ఊరికే ఇస్తుంటే ఆ సంగతి జనానికి తెలియొద్దా?” అంది. ఆమె అన్నదాంట్లో తప్పేముంది? రోజూ మాత్ర వేసుకుంటే మనిషి నిక్షేపంగా బతుకుతాడని తెలియక చనిపోయినవాళ్ళు ఎంతమంది! ఆ సాయంత్రమే నన్ను తెచ్చి పెద్ద గేటు స్తంభానికి మేకులు కొట్టారు. నా కింద ఆటోల స్టాండు, ఎదురుగా టీకొట్టు, పక్కన అరటిపళ్ళ బండి. లోపలికి వచ్చే ప్రతి మనిషి వీపుకూ నా బాణం తగిలేది. అది చూపిన వైపు ఎవరు మళ్ళినా గేటు దగ్గరున్న అందరికీ తెలిసిపోయేది.

ఆ గది దగ్గర జనం పలచబడ్డారు. మందులకు రోగులు ఎందుకు రావటం లేదని పైనుంచి అడిగారు. ఆ గదిలో రోగులకు ధైర్యం చెప్పే కౌన్సెలర్ ఎస్తేరమ్మ ఒక్కొక్కరికీ ఫోను చేసి కనుక్కుంది. కొందరు మానేశారు. మిగిలినవాళ్ళు వెనక సందులోంచి, మార్చురీ గేటు గుండా వస్తున్నారు. తలమీదుగా కొంగు కప్పుకుని, ఏడుస్తూ వస్తారు. ఏడ్చే మనిషిని ఎక్కడికని ఎవరూ అడగరు. పక్కకు తప్పుకుని దారిస్తారు. బతకడానికి వచ్చేవాళ్ళకు చచ్చినవాళ్ళ దారే మర్యాదగా తోచింది.

నన్ను తీసేయమని ఎస్తేరమ్మ పెద్ద డాక్టరును అడిగింది. “తనిఖీలో బోర్డు లేదని రాస్తే ఎవరి మీదికొస్తదమ్మా? నా మీదికే గదా!” అన్నాడాయన. దాంతో ఆమె ఒక ఉపాయం చేసింది. తనిఖీ ఉందంటే వాచ్‌మన్ నన్ను గేటుకు ఎక్కిస్తాడు. జీపు వెళ్ళిపోగానే దించి, స్టోరు గదిలో విరిగిన మంచాల మధ్య పడేస్తాడు. ఎక్కడం, దిగడం, ఎక్కడం. మేకుల బెజ్జాలు సాగిపోయాయి. ఏ కాస్త గాలి వీచినా గడగడలాడేదాన్ని. స్టోరు గదిలో ఉంటే గేటు మీద బెంగ, గేటు మీద ఉంటే కింద నడిచేవాళ్ళ మీద బెంగ.

అలా నన్ను ఎక్కించిన ఒక పొద్దున నాంచారమ్మ వచ్చింది. కోల్డ్ స్టోరేజీలో మిరపకాయల తొడిమలు తీసే మనిషి. మొగుడు ఈ జబ్బుతోనే పోయాడు. టీబీ అని ఇంట్లో చెప్పింది. మరిది ఏడుకొండలు ఇంటి పెరట్లో, ఒక గదిలో కూతురితో ఉంటుంది. నిజం తెలిస్తే ఆ గది ఉండదనీ, పిల్లతో రోడ్డున పడతాననీ ఆమె భయం. ఆ ఏడుకొండలు ఆటో నిలబడేది సరిగ్గా నా కిందే.

ముందురోజుతో ఆమె మాత్రలు అయిపోయాయి. వెనక సందుకు వెళ్ళింది. ఆఫీసరమ్మ కంట ఆ సందులో చెత్త పడకూడదని మార్చురీ గేటుకు తాళం వేశారు. తాళాన్ని కుదిపి కుదిపి, తిరిగి ముందుకు వచ్చింది. అరటిపళ్ళ బండి చాటున నిలబడింది. రెండడుగులు వేస్తుంది, వెనక్కి పోతుంది. ఏడుకొండలు తాపీగా ఆటో అద్దం తుడుస్తున్నాడు. ఒక్క గాలి వచ్చి నన్ను ఊడగొడితే బాగుండునని ఎంత కొట్టుకున్నానో! ఆకు కదల్లేదు.

ఇంతలో తనిఖీ జీపు వచ్చి గేటులో ఆగింది. నాంచారమ్మ కొంగు తలమీదికి లాక్కుని ఒక్కసారిగా రాగం తీసింది. “ఓలమ్మో, నన్నొదిలి పోయావా తల్లో!”

జనం తప్పుకున్నారు. ఏడుకొండలు మాత్రం గుడ్డ పారేసి పరుగెత్తుకొచ్చాడు.

“ఏంది వదినా? ఎవురు పోయారు?”

ఆ ప్రశ్న వస్తుందని ఆమె అనుకోలేదు. “మా... మాతో పన్జేసే రవణమ్మ.”

“మన పాపకి గాజులు తెచ్చిన ఆమేనా? ఇందాక నా బండే ఎక్కిందే! కిరాయి కాడ నాతో పోట్లాడి మరీ దిగింది!”

నాంచారమ్మ ఏడుపు ఆగిపోయింది. అతను ఆమెను చూశాడు. తలెత్తి నన్ను చూశాడు. బాణం ఎటు పోతుందో అటు చూశాడు. ఎస్తేరమ్మ పరుగున వచ్చి, “రా అమ్మా, నీ సంతకం కావాలంట,” అంటూ ఆమెను భుజం పట్టుకుని లోపలికి తీసుకుపోయింది. ఏడుకొండలు ఆటో స్టార్టు చేసి, ఎవరినీ ఎక్కించుకోకుండా వెళ్ళిపోయాడు.

కాసేపటికి ఎస్తేరమ్మ ఆఫీసరమ్మను నా కిందికి తీసుకొచ్చింది.

“ఎవరూ చనిపోలేదు మేడమ్. మందులకొచ్చేవాళ్ళు ఇట్లానే వస్తారు. వెనక గేటు మూశారు, అందుకని ఇక్కడ ఏడ్చింది.”

ఆఫీసరమ్మ నన్ను చాలాసేపు చూసింది. “వీళ్ళ సంగతి బయటపెట్టకూడదని చట్టం ఉంది. మనమేమో బాణం గీసి చూపిస్తున్నాం.”

“తీయించమంటారా?”

“తీస్తే బోర్డు లేదని నేనే రాయాలి.” మళ్ళీ ఆలోచించింది. “తిప్పి కొట్టించండి.”

అలా నా ముఖం గోడకు పెట్టారు. వీపు మీద తొమ్మిది అంకె వేశారు. అది ఆ గది నంబరు. మందులకొచ్చేవాళ్ళకు ఫోనులో ఆ అంకె చెబితే చాలు. తనిఖీకి బోర్డు ఉంది. ఎవరూ అబద్ధం ఆడలేదు.

నాకిప్పుడు సిమెంటు పగుళ్ళు తప్ప ఏమీ కనపడవు. ఆరోజు నాంచారమ్మకు మాత్రలు అందాయని ఎస్తేరమ్మ మాటల్లో విన్నాను. ఇంట్లో ఏం జరిగిందో తెలియదు. గది ఉందా? పిల్ల ఎక్కడుంది? నెలంతా చెవులు రిక్కించుకుని ఉన్నాను. మార్చురీ గేటు తాళం తీశారు. అటునుంచి ఏడుపు వినిపించినప్పుడల్లా ఆమేనేమోనని ఉలిక్కిపడ్డాను. ఏ గొంతూ ఆమెది కాదు.

ఒక ఉదయం నా కింద ఒక ఆటో ఆగింది. ఇంజను ఆపారు. ఎవరో దిగారు. అడుగులు అలవాటుగా వెనక సందువైపు మళ్ళాయి.

“అటు కాదొదినా,” అన్నాడు ఏడుకొండలు. “ఇటు.”

సాహెబు నా మీద అంత పెద్దగా రాసిన మాటను అంత మెల్లగా కూడా అనవచ్చని నాకు తెలియదు.